కట్‌కీ కట్‌కీ మధ్య

సినిమాల్లో కాలేజీ అంటే పిల్లలు ఎగరడానికి కట్టించిన భవనమని పదహారేళ్ళ దాకా గట్టిగా నమ్మాను. హీరో మోటార్‌సైకిల్ దిగి, సంచి ఒక భుజానికి తగిలించుకుని వరండాలోకి వస్తాడు. అంతే. అటు నలభై మంది, ఇటు నలభై మంది, చేతుల్లోని పుస్తకాలు పైకి విసిరేసి ఒకే కాలు ఎత్తుతారు. అలా విసిరిన పుస్తకాలు కింద పడటం నేను ఒక్క సినిమాలో కూడా చూడలేదు. ఇంతమందికి ఆ స్టెప్పు ముందే ఎవరు నేర్పారని అడిగితే మా అమ్మ నెత్తిన ఒక్కటి మొట్టి, చూస్తే చూడు, లేకపోతే లేచి బియ్యం ఏరు అనేది. వెనక వరసలో పొట్ట బిగపట్టుకున్న ముప్పై అయిదేళ్ళ మనిషి ఒకడు ఇంటర్ కుర్రాడి వేషంలో కళ్ళద్దాలు పెట్టుకుని గెంతుతుంటాడు. లెక్చరర్లు కూడా ఉంటారు. పిల్లలు బెంచీల మీద ఎగురుతుంటే బల్ల కింద దూరడం వాళ్ళ ఉద్యోగం.

చంద్రపూర్‌లో మేం చదివిన మరాఠీ జూనియర్ కాలేజీకి కూడా వరండా ఉండేది. దాని నిండా విరిగిన బెంచీలు ఉండేవి. ఒకసారి మేం నలుగురం సైకిల్ స్టాండ్ దగ్గర ఒక సినిమా స్టెప్పు వేయబోయాం. నా కాలు మొదటి సైకిల్‌కి తగిలింది. అది రెండోదాని మీద పడింది, రెండోది మూడోదాని మీద పడింది, అలా వరస చివరిదాకా పడుతూ పోయాయి. కాలేజీ శిపాయి, అంటే బంట్రోతు, కర్ర పట్టుకుని వచ్చి, అన్నీ మాచేతే లేపించి, మరాఠీలో మా అమ్మానాన్నల్ని తలుచుకున్నాడు. సినిమాలో అయితే ఆ శిపాయి కూడా కర్ర తిప్పుతూ మా వెనక వరసలో చేరేవాడు.

మేం దుర్గాపూర్ కాలనీ క్వార్టర్లలో ఉండేవాళ్ళం. మా నాన్న, మేం బాపు అని పిలిచేవాళ్ళం, బొగ్గు గనిలో డంపర్ నడిపేవాడు. కాలనీలో తెలుగు కుటుంబాలు చాలా ఉండేవి. ఎక్కువమంది మాలాగే తెలంగాణ వైపు నుంచి గనుల పనికి వచ్చినవాళ్ళు, కొద్దిమంది కోస్తా వైపు వాళ్ళు. అందరికీ కలిపి ఒక తెలుగు సంఘం, దానికి ఏడాదికొక కార్యక్రమం. కాలేజీ గ్యాదరింగ్‌లో, అంటే వార్షికోత్సవంలో, మరాఠీ పాటలు, హిందీ పాటలు తప్ప నడవవు కాబట్టి తెలుగు పాటకి డ్యాన్స్ చేయాలంటే మాకు సంఘం స్టేజీ ఒక్కటే దిక్కు. మాలో ఎవరికీ తెలుగు చదవడం రాదు. పాటను మరాఠీ అక్షరాల్లో నోట్‌బుక్‌లో రాసుకుని, అర్థం తెలిసినట్టు మొహం పెట్టి పెదాలు కదిపేవాళ్ళం.

మగపిల్లలతో కలిసి ఆడపిల్లలు డ్యాన్స్ చేస్తే కాలనీ పరువు పోతుందని సంఘం పెద్దల తీర్మానం. అందుకని ఆరుగురం ఆడపిల్లల్లో ముగ్గురం మగవేషం కట్టేవాళ్ళం. ఒక ఆడపిల్ల కాటుకతో మీసం దిద్దుకుని, ఇంకో ఆడపిల్ల నడుం పట్టుకుని, కన్ను కొడుతూ ఊగితే మాత్రం పరువు ఎక్కడికీ పోదు. నేను తాటిచెట్టు పొడుగు ఉండేదాన్ని. కాబట్టి నాలుగేళ్ళుగా నాకు మీసమే. వెనక వరసలో నిలబడి, టోపీ సర్దుకుంటూ, ముందు వరస మధ్యలో మెరిసే హీరోయిన్ చోటు వైపు చూసేదాన్ని. ఆ చోటు నాకు కావాలి. ఎంత కావాలంటే, దేవుడి ముందు నిలబడి పరీక్ష పాసవ్వాలని కాకుండా పొట్టిదాన్ని కావాలని మొక్కిన రోజులున్నాయి.

ఆ చోటు నా స్నేహితురాలిది. క్వార్టర్ల వరసలో మా ఇంటికి నాలుగో ఇల్లు. వాళ్ళ నాన్న గని టైం ఆఫీసులో గుమాస్తా, షిఫ్టుకొచ్చినవాళ్ళకి హాజరు వేసేవాడు. వాళ్ళ ఊరు రాజమండ్రి దగ్గర. ఇంట్లో వాళ్ళందరూ అండీ అండీ అని మాట్లాడుకునేవాళ్ళు గానీ ఆమె గడప దాటిందంటే మా మాటే మాట్లాడేది, మధ్యలో మాకంటే ఎక్కువ మరాఠీ దొర్లించేది. నాకంటే ఒక ఏడాది పెద్దది. పన్నెండో తరగతి అయిపోయింది, జూలైలో రాజమండ్రిలో మేనత్త ఇంట్లో ఉంచి డిగ్రీ చదివిస్తారు. ఆ మేనత్త ఇంట్లో టీవీ కూడా తలుపు వేసి ఉండే గదిలో ఉంటుందని చెప్పేది. అందుకే ఆ ఏడాది డ్యాన్స్ గురించి ఆమె ఒకే మాట పదిసార్లు అనేది.

"గిదే నా ఆఖరిది. మస్త్ చెయ్యాలె."

మా డ్యాన్స్ మాస్టర్ గని క్యాంటీన్‌లో పనిచేసేవాడు. పెళ్ళికి ముందు రెండేళ్ళు హైదరాబాద్‌లో సినిమా గ్రూప్ డ్యాన్సర్‌గా ఉన్నానని చెప్పుకునేవాడు. దానికి సాక్ష్యం ఒక మోచెయ్యి. టీవీలో పాట పెట్టి, సరిగ్గా ఒకచోట ఆపి, తెర కుడి అంచు మీద వేలు ఆనించేవాడు. "గదే. గది నా మోచెయ్యి" అనేవాడు. తర్వాత ఆ మోచేతిని మాకు ప్రత్యక్షంగా కూడా చూపించేవాడు. అది ఎవరి మోచెయ్యి అయినా కావచ్చు. కాకపోతే కాలనీలో ఇంకెవరి మోచెయ్యీ సినిమాలో లేదు, అందువల్ల ఆయన మాస్టర్ అయ్యాడు.

ఆయన పద్ధతి ఏమిటంటే, పాటను ముక్క ముక్కగా ఆపుతూ తెర మీద ఏముంటే అదే దించడం. సినిమా పాటలో నాలుగు లెక్కలకి ఒకసారి కెమెరా మారుతుంది. ఇక్కడ చెయ్యెత్తినవాళ్ళు మరుక్షణం మోకాళ్ళ మీద ఉంటారు. ఇక్కడ కుడివైపు ఉన్న హీరోయిన్ రెప్పపాటులో ఎడమవైపు తేలుతుంది. మాస్టర్ మాకు ఒక ముక్క నేర్పి, కెమెరా మారే చోట చేత్తో గాలిని కోసి "కట్" అనేవాడు. మేం ఎక్కడివాళ్ళం అక్కడే కొయ్యబారిపోవాలి.

నేను అడిగాను. "తర్వాత ఏంది సార్?"

"తర్వాత కట్."

"కట్ అయితే మేం గా మూలకు ఎట్ల పోవాలె?"

"పోవుడేంది? కెమెరా మారుతది."

"మనకు కెమెరా లేదు గద సార్."

మాస్టర్ కాసేపు ఆలోచించాడు. "పబ్లిక్ కండ్లు మూసి తెరుస్తరు గద? గదే కెమెరా. వాళ్ళు మూసినప్పుడు మీరు ఉరుకుండ్రి."

నిజంగానే ఉరికాం. పాట నాలుగు నిమిషాలు. అందులో మేం డ్యాన్స్ చేసింది సగం, మిగతా సగం బస్సు తప్పిపోతున్నవాళ్ళలా ఆ మూల నుంచి ఈ మూలకి పరిగెత్తడం, ఒకళ్ళనొకళ్ళు గుద్దుకోవడం, "ఏయ్ జరుగు" అని తిట్టుకోవడం. మాస్టర్ మాత్రం తృప్తిగా తల ఊపేవాడు.

దీనికి దారి కనిపెట్టింది నా స్నేహితురాలు. మాస్టర్ టీ తాగడానికి పోయినప్పుడు మమ్మల్ని నిలబెట్టి, ఒక ముక్క చివరికీ ఇంకో ముక్క మొదలుకీ మధ్య తనంతట తానే ఏదో ఒకటి కల్పించేది. చెయ్యెత్తి ఉన్నవాళ్ళు ఆ చేతిని మెల్లగా వెనక్కి తిప్పుతూ, ఆ ఊపులోనే ఒంగి, మోకాళ్ళ మీదికి వచ్చేవాళ్ళు. కుడివైపు హీరోయిన్ ఎడమవైపుకి పోవాలంటే మధ్యలో ముగ్గురు మగవేషాల చేతుల కిందుగా ఒక్కొక్క అడుగు తిరుగుతూ పోయేది. వీటికి ఆమె పెట్టిన పేరు అతుకులు. పాటలో మొత్తం పద్నాలుగు అతుకులు. సినిమా ముక్కల్లో ఎగురుడు తప్ప ఏమీ లేదు, పాటలో చూడదగ్గది ఏదైనా ఉంటే ఆ అతుకుల్లోనే ఉంది. మాస్టర్ టీ తాగి వచ్చి చూసి, "చూసిండ్లా, నేను చెప్పినట్టు చేస్తే గిట్లనే వస్తది" అన్నాడు. ఆమె చున్నీ నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. పేరు ఎవరిదైతే ఏంటి, పాట నిలబడితే చాలు అన్నట్టుండేది ఆమె ధోరణి. నాకు ఆ గుణం అప్పుడూ లేదు, ఇప్పుడూ లేదు.

దుస్తుల సంగతి కూడా చెప్పాలి. కెమెరా మారినప్పుడల్లా సినిమాలో బట్టలు మారతాయి. బట్టలు మారకపోతే పాట ముందుకు నడిచినట్టు జనానికి తెలియదని మాస్టర్ సిద్ధాంతం. స్టేజీ మీద మార్చుకోవడం కుదరదు కాబట్టి ఒకదాని మీద ఒకటి మూడు జతలు తొడుక్కుని, స్టేజీ పక్కన కట్టిన దుప్పటి చాటుకి పోయి ఒక్కొక్కటి ఒలిచేయాలి. అది మే నెల. మా ఊళ్ళో మే నెలలో పొద్దున ఎనిమిది దాటాక పని ఉన్నవాడు కూడా గడప దాటడు. మేం మూడు జతల బట్టల్లో ప్రాక్టీసు చేశాం. ఒక పిల్ల కళ్ళు తిరిగి దబ్బున పడింది. మాస్టర్ దగ్గరికి వచ్చి, ఆ పిల్ల పడిన తీరు చూసి, "గిది బాగున్నది, పాట చివర్ల పెడుదాం" అన్నాడు. సినిమాలో హీరోయిన్ జుట్టు గాలికి ఎగురుతుంది కదా, దానికోసం మేం ప్రాక్టీసు చేసే కమ్యూనిటీ హాల్లో ఉన్న పాత కూలర్‌ని స్టేజీ పక్కకి జరిపారు. దాని గాలితోపాటు నీళ్ళు కూడా కొట్టేవి. జుట్టు ఎగరలేదు గానీ మొహాల మీద పౌడర్ చారలు చారలుగా కారింది.

ఆ ఏడాది ఎండలు ముదరకముందే రాష్ట్రం రెండు కావడం ఖాయమైంది.

ఆ వార్త టీవీలో చూసిన రోజు బాపు కళ్ళు తుడుచుకున్నాడు. బతుకుదెరువు లేక ఊరు వదిలి వచ్చిన మనిషి ఆయన. ఆ సంతోషం నిజమైనది, దాన్ని ఎగతాళి చేసే నోరు నాకు లేదు. కానీ ఆ తర్వాత మా కాలనీ పెద్దలు చేసింది చెప్పకుండా ఉండలేను. మా చంద్రపూర్ విడిపోయిన దాంట్లో లేదు, మిగిలిన దాంట్లో లేదు. మా రేషన్ కార్డులు మరాఠీలో ఉంటాయి, మా ఓట్లు మరాఠీ నాయకులకి పోతాయి. అయినా సరే, అక్కడ రాష్ట్రం విడిపోతే ఇక్కడ సంఘం విడిపోకపోవడం సిగ్గుచేటని వీళ్ళకి తోచింది. ఒక ఆదివారం కూర్చుని పంపకాలు చేసుకున్నారు. జంపఖానాలు చెరి సగం. వంట గంజులు తెలంగాణ వైపు మాకు, గరిటెలు కోస్తా వైపు వాళ్ళకి. మైకు వాళ్ళకి, స్పీకర్ డబ్బాలు మాకు. ఆ తర్వాత నెలరోజులపాటు వాళ్ళు మైకు పట్టుకుని, మేం డబ్బాలు పట్టుకుని, ఒకరి ముందు ఒకరు మూతి ముడుచుకుని తిరిగాం.

కొత్త రాష్ట్రం పుట్టేది జూన్ మొదట్లో. ఆ వారం ఆదివారమే మా కొత్త సంఘం కార్యక్రమం పెట్టాలని నిర్ణయించారు. అధ్యక్షుడు గనిలో మైనింగ్ సర్దార్‌గా, అంటే కూలీల మీద పెద్దగా, చేసి రిటైరైనవాడు. బాపు కమిటీలో ఒక సభ్యుడు. కార్యక్రమానికి పది రోజులుండగా అధ్యక్షుడు ప్రాక్టీసు చూడటానికి వచ్చి, కుర్చీలో కూర్చుని, పాట అయిపోయేదాకా చూసి, నా స్నేహితురాలి వైపు వేలు చూపించాడు.

"గీ పిల్ల టైం ఆఫీసాయన బిడ్డ గద?"

"అవును సార్" అన్నాడు మాస్టర్.

"మరి వాళ్ళ సంఘం వాళ్ళకున్నది. మన ప్రోగ్రాంల మన పిల్లలే ఉండాలె."

వాళ్ళ సంఘంలో ఉన్నది పదకొండు కుటుంబాలు. వాళ్ళు కార్యక్రమంగా పెట్టుకున్నది పారాయణం, పులిహోర. ఆమె తప్ప ఆ వయసు ఆడపిల్ల వాళ్ళలో లేదు. ఆమె రాజమండ్రి చూసింది మొత్తం రెండుసార్లు. నేను మా తాతల ఊరు చూసింది మూడుసార్లు. ఆ ఒక్కసారి తేడాతో ఆమె పరాయిది అయింది, నేను సొంతదాన్ని అయ్యాను.

మాస్టర్ గొంతు సవరించుకున్నాడు. ఆమె కోసం వాదిస్తాడేమో అనుకున్నాం. "మరి నడుమ చోటు ఖాళీ అయితది గద సార్" అన్నాడు.

"గా పొడుగు పిల్ల లేదా? గామెను నిలబెట్టు."

ఆ పొడుగు పిల్లను నేనే. అప్పుడు నా లోపల ఏం జరిగిందో ఉన్నది ఉన్నట్టు చెప్తాను. అన్యాయం అనిపించలేదు. గుండె ఎగిరి గంతేసింది. ఆ తర్వాతే ఆమె మొహం చూశాను.

ఆమె ఏడవలేదు. టోపీలు, చున్నీలు మడతపెట్టి సంచిలో పెడుతూ, అధ్యక్షుడు వెళ్ళేదాకా ఆగి, నా దగ్గరికి వచ్చింది. "ఏమే, కాక కమిటీల ఉన్నడు గద. నువ్వు చెప్తే వింటడు. ఒక్కసారి అడుగవా?" అంది. కాక అంటే మా బాపు. చిన్నప్పటి నుంచి అలాగే పిలిచేది.

"అడుగుతనే. ఇయ్యాల్నే అడుగుత" అన్నాను.

అడగాలనే ఇంటికి పోయాను. బాపు షిఫ్టు నుంచి వచ్చి, స్నానం చేసి, అన్నం తింటున్నాడు. నేను ఎదురుగా కూర్చున్నాను. ఊరికే కూర్చునేదాన్ని కాదు కాబట్టి ఆయనే అడిగాడు. "ఏంది బిడ్డా, ఏమన్న చెప్పాల్నా?"

 అడిగితే నేను మళ్ళీ వెనక వరసకి పోతాను, మళ్ళీ మీసం. బాపు ముద్ద చేతిలో పట్టుకుని నా వైపే చూస్తున్నాడు.

"కూరల ఉప్పు సరిపోయిందా బాపూ?" అన్నాను.

సరిపోయిందన్నాడు.

మర్నాడు పొద్దున్నే ఆమె మా క్వార్టర్ వెనక గోడ దగ్గర నిలబడి ఉంది. నేను ఎంత బాగా అబద్ధం చెప్పానో తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు చిమచిమలాడుతుంది. అడిగానన్నాను. రెండుసార్లు అడిగానన్నాను. బాపు కంచం తోసేసి లేచాడని కూడా అన్నాను. పాపం బాపు కంచంలో ఒక్క మెతుకు వదిలే మనిషి కాదు. చెప్తూ చెప్తూ నాకే ఏడుపొచ్చింది. అది దొంగ ఏడుపు అనుకుంటే సులువుగా ఉండేది. కానీ కన్నీళ్ళు నిజంగానే వచ్చాయి.

"అగ, జాఊ దే" అంది ఆమె, పోనీలే అని. చున్నీతో నా మొహం తుడిచింది. "నువ్వెందుకు ఏడుస్తున్నవ్? నీ తప్పేమున్నది గిండ్ల?" తర్వాత కాసేపు గోడ మీద గోటితో గీస్తూ ఉండి, "ఒక్క ముచ్చట. మాస్టర్‌కు అతుకులు తెల్వయి. నువ్వు ముందలుంటే నీకు రావాలె. లేకపోతే మళ్ళ ఉరుకుతరు మీరు. నేను నేర్పుత" అంది.

నేర్పింది. రోజూ పొద్దున అయిదున్నరకే మా క్వార్టర్ వెనక, బట్టలు ఆరేసే తీగల కింద. ముందు వరసలో ఆమె అతుకులు వెనక వరసలో మావాటికంటే కష్టమైనవి. నా చేతులు పొడుగు, తీగలకి తగిలేవి. ఆరేసిన బట్టల మీది బొగ్గు పొడి మా ఇద్దరి నెత్తిన రాలేది. ఆమె ఒంటి చేత్తో నా భుజం వంచి, "తాడిచెట్టు వంగాలంటే మెల్లగ వంగాలె" అని నవ్వేది. హీరోయిన్ కావాలని నాలుగేళ్ళు ఏడ్చినదాన్ని, తీరా ఆ చోటు చేతికొచ్చాక తెలిసింది, ఆ చోటులో మెరిసింది చోటు కాదు, ఆమె. నేను అక్కడ నిలబడితే దుప్పటి కప్పిన నిచ్చెనలా ఉన్నానని మా అమ్మే అంది.

కార్యక్రమం రోజు సాయంత్రం కమ్యూనిటీ హాలు నిండిపోయింది. మైకు లేదు కాబట్టి అధ్యక్షుడు అరిచి మాట్లాడాడు. మన భాష, మన సంస్కృతి అని అరగంట అరిచాడు. ఆయన మనవలు మొదటి వరసలో కూర్చుని మరాఠీలో కొట్టుకున్నారు. పక్క సంఘం వాళ్ళని పిలవలేదు గానీ పక్కింటివాళ్ళని రావద్దనరు కదా. ఆమె, వాళ్ళ అమ్మ వచ్చి నాలుగో వరసలో ఆడవాళ్ళ వైపు కూర్చున్నారు. దుప్పటి సందులోంచి చూశాను. రాకపోతే బాగుండని అనుకున్నాను.

పాట మొదలైంది. మూడు జతల బట్టల్లో నేను మధ్యలో నిలబడ్డాను. కూలర్ నీళ్ళు కొట్టింది. మొదటి అతుకు బాగా వచ్చింది, రెండోది వచ్చింది, అయిదారు దాకా లాక్కొచ్చాను. చప్పట్లు కొడుతున్నారు. బాపు లేచి నిలబడి కొడుతున్నాడు. నా మొహం వెలిగిపోతుండటం నాకే తెలుస్తోంది. ఏడో అతుకు దగ్గర నా బుర్ర ఖాళీ అయిపోయింది.

చెయ్యి పైన ఉంది. దాన్ని ఏం చేయాలో తెలియదు. నా వెనక నలుగురు నన్ను చూసి చేయాల్సినవాళ్ళు, వాళ్ళూ చేతులెత్తి ఆగిపోయారు. మాస్టర్ స్టేజీ పక్క నుంచి గట్టిగా గుసగుసలాడాడు. "కట్! కట్! ఉరుకుండ్రి!" ఎక్కడికి ఉరకాలి? జనం కళ్ళు మూయలేదు, అందరూ నన్నే చూస్తున్నారు.

నాలుగో వరసలో ఆమె చెయ్యి లేచింది. కూర్చున్నచోటే, వాళ్ళమ్మ పక్కన, ఎవరేమనుకుంటారో చూసుకోకుండా, మణికట్టు వెనక్కి తిప్పి, మోచెయ్యి దించి, భుజం మీదుగా తల వంచింది. మెల్లగా, నేను అందుకునేటట్టు. నేను అలాగే చేశాను. నా వెనక నలుగురూ చేశారు. ఎనిమిదో అతుకు, తొమ్మిదో అతుకు, ఆఖరుదాకా ఆమె చేతులు చూసే చేశాను. హాలంతా స్టేజీ వైపు చూస్తోంది. ఆమె చేస్తున్న డ్యాన్స్ నేనొక్కదాన్నే చూశాను.

మాకు ఫస్ట్ ప్రైజ్ ఇచ్చారు. మొత్తం డ్యాన్సులు రెండే అనుకోండి, రెండోది అధ్యక్షుడి మనవరాలిది, దానికీ ఫస్టే. మాస్టర్‌కి శాలువా కప్పారు. ఆయన ఆ శాలువా కింద నుంచి మోచెయ్యి బయటికి పెట్టి నమస్కారం చేశాడు. నాకు స్టీలు టిఫిన్ డబ్బా ఇచ్చారు.

దుప్పటి వెనకకి ఆమె వచ్చింది. నేను రెండో జత బట్టల్లో ఇరుక్కుపోయి ఉంటే లాగి ఊడదీసింది. "ఎడమ చెయ్యి జర లేట్ అయింది. బాకీ మస్త్" అంది. మిగతాదంతా బాగుందని. నేను ఏదో చెప్పబోయాను. వాళ్ళమ్మ పిలిస్తే వెళ్ళిపోయింది.

ఇంటికి నడుస్తూ బాపు మంచి హుషారులో ఉన్నాడు. టిఫిన్ డబ్బా ఆయనే పట్టుకున్నాడు. దారిలో ఏమీ దాచుకోవాల్సింది లేని మనిషి లెక్కన అన్నాడు.

"మొన్న బేస్తారం టైం ఆఫీసుల వాళ్ళ నాయిన కలిసిండు బిడ్డా. మా పిల్లను వద్దన్నరటండి, మీ అమ్మాయి రెండుసార్లు అడిగినా మీరు ఒప్పుకోలేదటండి అన్నడు. నేను పరేషానైన. నన్నెవరడిగిండ్లు? మా బిడ్డ ఒక్కమాట అంటే సర్దార్‌తోని కొట్లాడైనా పెట్టిస్తుంటి గదా అన్న. ఇప్పుడన్న పంపు, నేను చూస్త అని చెప్పిన. మర్నాడు వచ్చి, మా అమ్మాయి వద్దందండి, ఆ పిల్ల నేర్చుకుంటోంది కదా చెయ్యనీ అందండి అన్నడు." బాపు డబ్బా ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాడు. "ప్రోగ్రాం కానీ అని ఆగిన. నువ్వెందుకు అడగలేదు బిడ్డా?"

 చీకటి పడుతోంది కాబట్టి నా మొహం ఆయనకి కనపడలేదు. ఇన్ని మాటలు పుట్టించి అందరినీ ఆడిపోసుకునే నోరు నాది. మాస్టర్‌ని, సర్దార్‌ని, సంఘాన్ని, ఎగిరే పుస్తకాల్ని, అన్నిటినీ అంటుంది. ఆ దారంతా అది పెగల్లేదు. సిగ్గు అంటే ఏమిటో ఆ రోజు ఒంటి నిండా తెలిసింది.

బేస్తారం, అంటే గురువారం, వాళ్ళ నాన్నకి తెలిసిందంటే ఆ సాయంత్రమే ఆమెకీ తెలిసింది. కానీ శుక్రవారం పొద్దున అయిదున్నరకి ఆమె తీగల కింద ఉంది. శనివారం పొద్దున కూడా ఉంది. నడుస్తూ నడుస్తూ శుక్రవారం ఆమె అడిగిన మాట గుర్తుకొచ్చింది. నేను చెప్పులు విప్పుతుంటే అడిగింది.

"కాక ఇంకా కోపంగనే ఉన్నడా?"

"మస్తు కోపంగున్నడే" అన్నాను నేను. "నీ పేరెత్తితేనే ఒర్రుతుండు."

ఆమె నా మొహం వైపు చాలాసేపు చూసింది. నేను ఇంకేమైనా అంటానేమో అని ఆగింది. నేను చున్నీ నడుముకి బిగించుకున్నాను.

"సరే" అంది. "మొదటి నుంచి చెయ్."

నేను మొదటి నుంచి చేశాను.